ఊరికో చివరి మాట

సోమవారం ఆద్యని డేకేర్‌లో దింపాలి. దింపితేనే మనీషా క్లాసుకి వెళ్ళగలదు. వెళితేనే ఇంటర్ మొదటి సంవత్సరంలో తెగిపోయిన చదువు అమెరికాలోని ఈ బెంటన్‌విల్‌లో మళ్ళీ ముడిపడుతుంది. వినడానికి ఇంత తేలిక. కానీ ఆ సోమవారాన్ని ఆమె ఇప్పటికే ఒకసారి జలుబని, ఇంకోసారి దవడపళ్ళు వస్తున్నాయని వెనక్కి నెట్టింది. రెండున్నరేళ్ళ పిల్ల ఎవరి చేతి ముద్ద తింటుంది, నిద్రలో ఉలిక్కిపడితే ఎవరు జోకొడతారు, "బూ" అంటే అన్నమని ఆ టీచరుకి ఎవరు చెబుతారు అని తలుచుకుంటే చాలు, ఆమెకి ఇంకో సాకు గుర్తొచ్చేది.

"ఈసారీ వద్దంటే సీటు వేరేవాళ్ళకి ఇచ్చేస్తారు. మళ్ళీ వెయిట్‌లిస్ట్, మళ్ళీ మొదటికి," అన్నాడు పవన్, లాప్‌టాప్ మీంచి తల ఎత్తకుండానే. పవన్ ఆమెకి మేనత్త కొడుకు, భర్త. పెద్ద స్టోర్ల కంపెనీలో కాంట్రాక్టు ఉద్యోగం. "ఆ హైస్కూల్ పరీక్ష ఒకటి పాసైతే చాలు. తర్వాత నర్సింగ్ చేస్తావో, అకౌంట్స్ చేస్తావో నీ ఇష్టం. స్టార్ట్ అంటూ అవ్వాలి కదా."

"అవుతాలే బావా."

"అవుతాలే అని పోయినసారి కూడా అన్నావు."

ఇంట్లో ఇలా ఉండగా తెలుగు సంఘం ప్రెసిడెంటు దివాకర్ ఫోన్ చేసి ఒక అతిథిని అంటగట్టాడు. ఉగాది ప్రోగ్రాంకి ఇండియా నుంచి ఎవరొచ్చినా ఇక్కడ హోటల్లో పెట్టరు, సభ్యుల ఇళ్ళకి పంచుతారు. పాటగాళ్ళు పియానో ఉన్న ఇళ్ళకి, హీరోయిన్లు స్విమ్మింగ్ పూల్ ఉన్న ఇళ్ళకి, మిగతావాళ్ళు మిగతా ఇళ్ళకి వెళతారు.

"వీరాంజనేయులు గారమ్మా. మా ఇంట్లోనే ఉంచుదామంటే కుక్క ఉందాయె, ఆయనకి కుక్కలంటే హడల్. పైగా సజ్జ రొట్టె, పచ్చిమిరపకాయ పచ్చడి అడుగుతున్నారు. మా నమ్రతకి పాస్తా తప్ప ఇంకోటి టైముకి అవదు. మీరు కనిగిరి వైపువాళ్ళేగా, ఆదివారం దాకా సర్దుకోండి," అన్నాడు దివాకర్.

వీరాంజనేయులు మొహం తెలుగు సినిమా చూసేవాళ్ళందరికీ తెలుసు. పేరు కొద్దిమందికే తెలుసు. ఇంటర్వెల్ లోపల చచ్చిపోయే తండ్రి అంటే ఆయనే. పొలం గట్టు మీద, రైలు పట్టాల మీద, పెళ్ళిపందిట్లో, ఎక్కడో ఒకచోట ఆయన పోతే తప్ప హీరోకి కోపం రాదు, కథ నడవదు. శుక్రవారం పొద్దున ఎయిర్‌పోర్టు నుంచి పవన్ తీసుకొస్తే, గుమ్మంలో చెప్పులు విడుస్తూ ఆయన అన్న మొదటి మాటే అది.

"భయపడకమ్మాయ్, మీ ఇంట్లో మాత్రం చావను. ఇంటర్వెల్‌కి ముందే ఆదివారం వచ్చేస్తుంది."

మనీషాకి నవ్వొచ్చింది. మనిషి సన్నగా, పొడుగ్గా, భుజం మీద ఎర్రంచు కండువాతో ఉన్నాడు. ఆ కండువా ఆయన ఎయిర్‌పోర్టులోనూ తియ్యలేదట. "సెక్యూరిటీవాడు అనుమానంగా చూస్తుంటే దీంతోనే వాడి టేబుల్ తుడిచి చూపించారు," అని పవన్ మురిసిపోతూ చెప్పి ఆఫీసుకి వెళ్ళిపోయాడు.

మధ్యాహ్నం ఆద్యకి అన్నం పెట్టే యుద్ధం మొదలయింది. పిల్ల నోరు బిగించింది. పప్పన్నం వద్దు, పెరుగన్నం వద్దు, ఐప్యాడ్ కావాలి. మనీషా బతిమాలింది, బెదిరించింది, చివరికి గిన్నె పట్టుకుని సోఫా చుట్టూ తిరిగింది. ఇక్కడే తినని పిల్ల అక్కడ తింటుందా అన్న బెంగతో ఆమె కళ్ళలో నీళ్ళు కూడా తిరిగాయి.

"ఆ గిన్నె ఇటివ్వమ్మాయ్," అన్నాడు వీరాంజనేయులు. గిన్నె పిల్ల ఒళ్ళో పెట్టి, తను నేల మీద బాసింపట్టు వేసుకుని కూచున్నాడు. "నాకెవరూ అన్నం పెట్టలేదు," అన్నాడు నెమ్మదిగా. పిల్ల చూసింది. ఆయన గొంతు కొంచెం కొంచెంగా బొంగురుపోయింది. భుజాలు కిందికి జారాయి. అప్పుడు కండువా తీసి నాలుగు మడతలు పెట్టి, కళ్ళకి కాదు, నోటికి అడ్డం పెట్టుకుని కూచున్నాడు. కండువా పైన కళ్ళు మాత్రం తడిగా, రెప్ప వెయ్యకుండా ఎదురుగా చూస్తున్నాయి.

ఆద్య పప్పన్నం ముద్ద తీసి ఆయన నోటి దగ్గర పెట్టింది. "తాతా, బూ," అంది. ఆయన కండువా దించి తిన్నాడు. "మరి నువ్వు?" అన్నాడు. పిల్ల తనూ ఒక ముద్ద నోట్లో పెట్టుకుంది.

మనీషా గోడకి చేరబడిపోయింది. పిల్ల తిన్నందుకు సంతోషించాల్సిన మనిషి ఆయన చేతిలోని కండువానే చూస్తూ ఉండిపోయింది. ఆ కండువా, ఆ నాలుగు మడతలు, నోటికి అడ్డంగా పెట్టి పైనుంచి చూసే ఆ చూపు ఆమె ఎన్నో ఏళ్ళుగా మరచిపోలేనిది. కానీ అది సినిమాలో చూసింది కాదు. సినిమాల్లో ఆయనకి ఏడ్చే వ్యవధి ఎక్కడిది, అంతకు ముందే పోతాడు కదా.

అది వ్యాన్ మీద చూసింది.

అప్పుడామె ఇంటర్ మొదటి సంవత్సరం. ఊరి నుంచి కనిగిరి కాలేజీకి బస్సు. ఎలక్షన్ల ముందు ఒక పార్టీవాళ్ళు వ్యాన్‌కి పెద్ద తెర కట్టి, సాయంత్రం పూట రామాలయం వీధిలో ఆపి డాక్యుమెంటరీ వేశారు. అవతలి పార్టీ ఏలుబడిలో జనం ఎట్లా నాశనమయ్యారో చూపించేది అది. అందులో గడ్డం మాసిన ఒక రైతు నులకమంచం మీద కూచుని మాట్లాడాడు. బస్సు ఆపేశారని, తన కూతురు కాలేజీకి నడిచి వెళుతుంటే వాగు పొంగి తీసుకుపోయిందని చెప్పాడు. చెప్పి, కండువా నోటికి అడ్డం పెట్టుకున్నాడు. చాలాసేపు కూచున్నాడు. తర్వాత కండువా దించి, "చదువుకి పంపకపోతే నా బిడ్డ నా కళ్ళ ముందుండేది," అన్నాడు. వీధి వీధంతా గుక్కపట్టి ఏడ్చింది. మనీషా పక్కన నాన్న నిలబడి ఉన్నాడు. ఆయన ఏడవలేదు. ఆమె చెయ్యి పట్టుకున్నాడు, గట్టిగా, గాజు విరిగేంత గట్టిగా.

తెల్లారి ఆమె టిఫిన్ బాక్సు సర్దుకుంటుంటే, "ఇవాళ్టికి మానుకోమ్మా," అన్నాడు. ఆ ఇవాళ మళ్ళీ తెల్లారలేదు. వాళ్ళ ఊరి బస్సు ఒక్క రోజు కూడా ఆగలేదు. వాళ్ళ దారిలో వాగు కూడా లేదు, ఎప్పుడో ఎండిపోయిన వంక ఒకటుంది. అయినా ఆమె నాన్న మీద కోపం పెట్టుకోలేదు. కూతుర్ని పోగొట్టుకున్న తండ్రి ఒకడు అలా అన్నాక, ఇంకో తండ్రి భయపడటంలో తప్పేముంది అనుకుంది. ఇన్నేళ్ళూ అలాగే అనుకుంటూ వచ్చింది. డేకేర్ అనగానే ఆమెకి ముందు గుర్తొచ్చేది కూడా ఆ నులకమంచమే.

ఆ నులకమంచం మీది మనిషి ఇప్పుడు తన ఇంట్లో, కార్పెట్ మీద, తన కూతురి ఎంగిలి ముద్ద తింటున్నాడు.

"బాబాయిగారూ," అంది మనీషా. "మీకు... మీకు వాగులో కొట్టుకుపోయిన అమ్మాయి ఉండేదా?"

ఆయన ఒక క్షణం తెల్లమొహం వేసి, తర్వాత మొహమంతా వెలిగిపోయి ముందుకి జరిగాడు. "అది చూశావా నువ్వు? ఎక్కడ చూశావు? ఓరి నాయనో, అది చూసినవాళ్ళు దొరికేది ఇన్నాళ్ళకి, అదీ అమెరికాలో. నా మొత్తం బతుకులో అంత బాగా చేసింది ఇంకోటి లేదమ్మాయ్. పేరు కూడా వెయ్యలేదు వెధవలు."

"చేసిందా?"

"మరి? నాకున్నది ఇద్దరు కొడుకులు. ఒకడు బ్యాంకు, ఒకడు మెడికల్ షాపు." ఆయనకి ఊపు వచ్చింది. కాఫీ కూడా అడక్కుండా మొదలుపెట్టాడు. "అసలు నాది నాటకమమ్మా. పాతికేళ్ళు పద్యాలు పాడి గొంతు పోయింది. గొంతు పోయినవాణ్ణి సినిమావాళ్ళు పిలిచి చావమన్నారు, చచ్చాను. హీరోలకి కొత్త తండ్రులు దొరికాక అదీ తగ్గింది. అప్పుడు ఈ పార్టీల డాక్యుమెంటరీలు వచ్చాయి. ఒక ఎలక్షన్‌కి వీళ్ళవి, ఇంకో ఎలక్షన్‌కి వాళ్ళవి. నేను ఒకే రైతుని, రెండు పార్టీల్లోనూ ఏడ్చాను. ఒకదాంట్లో గవర్నమెంటు ముంచిందని ఏడ్చాను, ఒకదాంట్లో గవర్నమెంటు ఆదుకుందని ఏడ్చాను. కన్నీళ్ళకి కండువా రంగు తెలీదు కదా."

"అంటే ఆ అమ్మాయి లేదా?"

"ఉందనే చెప్పారు. ఆ తండ్రి కూడా వచ్చాడు షూటింగ్‌కి. ముందు ఆయన్నే కూచోబెట్టారు. బస్సు ఎప్పుడొచ్చేదో చెప్పాడు, వాగు పేరు చెప్పాడు, ఊరుకున్నాడు. డైరెక్టరు ఏడవమన్నాడు, ఆయనకి రాలేదు. పనికిరాడని నన్ను పిలిపించారు. ఆయన కెమెరా పక్కన నిలబడ్డాడు, ఆయన మాటలు నేను చెప్పాను."

"చివరి మాట?" అంది మనీషా. "చదువుకి పంపకపోతే అన్నారు చూడండి. అది కూడా ఆయన మాటేనా?"

వీరాంజనేయులు నవ్వాడు. దాపరికం లేని నవ్వు, పనితనం చెప్పుకునేవాడి నవ్వు. "అది మన సరుకు. నాటకాల్లో అలవాటమ్మా అది. ఏ ఊళ్ళో ఆడితే ఆ ఊరికి తగ్గట్టు చివరి మాట వేస్తాం. నేత ఊరైతే మగ్గం మీద ఒక మాట, పొగాకు ఊరైతే ఆకు కాల్చే బ్యారనీ మీద ఒక మాట. చప్పట్లు అక్కడే. ఆ డైరెక్టరుకి చెప్తే ఎగిరి గంతేశాడు. అయిదారు రకాలు తీశారు. రోడ్డు లేని చోటికి రోడ్డు మాట, ఆస్పత్రి లేని చోటికి ఆస్పత్రి మాట. మీ వైపుకి ఆడపిల్ల చదువు మాట పంపించి ఉంటారు. బాగా పట్టిందా అక్కడ?"

"పట్టింది," అంది మనీషా. లేచి కాఫీ పెట్టడానికి వెళ్ళింది. పాలు పొంగి స్టవ్ మీద పోయేదాకా చూస్తూనే నిలబడింది.

సాయంత్రం పవన్ వచ్చాక బెడ్‌రూమ్‌లోకి పిలిచి గుసగుసగా అంతా చెప్పింది. అతను బూట్లు విప్పుతూ విన్నాడు.

"పార్టీ వీడియోలన్నీ అంతే కదా. నిజమనుకున్నావా ఇన్నాళ్ళూ?"

"నీకు తెలుసా?"

"ఆయనే అని తెలీదు. కానీ ఎవడో ఆర్టిస్ట్ అయ్యుంటాడని తెలుసు. ఎవరికైనా తెలుస్తుంది."

"నాకు తెలీలేదుగా."

ఆ మాట మామూలుగానే అంది గానీ పవన్ బూటు చేత్తో పట్టుకుని ఆగిపోయాడు. "సర్లే, ఇప్పుడేంటి? ఆయన్ని పంపించెయ్యమంటావా దివాకర్ ఇంటికి?"

"వద్దు. కుక్క ఉంది అక్కడ."

ఆమెకే అర్థం కాలేదు తన మాట. కోపంగా ఉండాలి కదా అనుకుంది. ఆయన మీద కోపం తెచ్చుకుందామంటే, బయట హాల్లో ఆయన ఆద్యకి రాజు నడక నేర్పుతున్నాడు. పిల్ల తువ్వాలు భుజాన వేసుకుని కాళ్ళు ఎడంగా పెట్టి నడుస్తూ కిలకిలలాడుతోంది. నాన్న మీద కోపం తెచ్చుకుందామంటే, పాపం ఆయనా తనలాగే మోసపోయాడు. డైరెక్టరు ఎవరో తెలీదు. పార్టీ ఏమో రెండు పార్టీల్లో ఏదో కూడా ఆమెకిప్పుడు సరిగ్గా గుర్తులేదు. ఎవరి మీద పెట్టాలో తెలియని కోపం గోంగూర తెంపుతుంటే కాడల మీద పడింది.

శనివారం మిడిల్ స్కూల్ ఆడిటోరియంలో ఉగాది. పట్టు చీరలు, పిల్లల డాన్సులు, కాగితం కప్పుల్లో ఉగాది పచ్చడి. ప్రోగ్రాం చివర్లో వీరాంజనేయులు స్టేజి ఎక్కాడు. ఒక పద్యం అందుకున్నాడు, గొంతు రాకపోయినా రాగం వచ్చింది. తర్వాత ఒక సినిమా చావు చచ్చాడు. పడి లేచి, "ఇంటర్వెల్," అనేసరికి హాలంతా ఈలలు వేసింది. ఆ తర్వాత ఎవరినో కుర్చీ అడిగి, భుజాలు దించి కూచున్నాడు.

మనీషాకి తెలిసిపోయింది. ఆద్యని గట్టిగా దగ్గరికి లాక్కుంది.

బస్సు ఆపేశారన్నాడు. వాగు పొంగిందన్నాడు. కండువా నాలుగు మడతలు పెట్టి నోటికి అడ్డం పెట్టుకున్నాడు. అంతా అబద్ధమని ఆమెకి తెలుసు. కాదు, అబద్ధమని కూడా తెలీదు, సగం ఎవరిదో నిజం. అయినా ఆమె కళ్ళలోంచి నీళ్ళు బొటబొటా రాలాయి. తుడుచుకుంది, మళ్ళీ వచ్చాయి. తెలిసి కూడా ఏడుస్తున్నానేమిటని సిగ్గేసింది.

ఆయన కండువా దించాడు. "నా బిడ్డ పుస్తకాల సంచీ మాత్రం ఒడ్డున దొరికిందయ్యా," అన్నాడు. "అందులో పుస్తకం తడవలేదు. తల్లులారా, మీ ఆడపిల్లల్ని ఎంత దూరమైనా పంపండి. ఆ పుస్తకం పూర్తి చెయ్యడానికి పంపండి."

హాలు లేచి నిలబడింది. పక్క సీట్లో నమ్రత కళ్ళు ఒత్తుకుంటూ, "మా బాబు నీరజ్‌కి అర్థమైందో లేదో, ఇంటికెళ్ళాక ట్రాన్స్‌లేట్ చెయ్యాలి," అంది. తర్వాత మనీషా చెయ్యి నొక్కింది. "మండే నుంచి మీ క్లాసులంటగా. చూశారా, మీకోసమే చెప్పినట్టుంది."

అదే మనీషాని ఎక్కువ తికమక పెట్టింది. నిజంగా తన కోసమే చెప్పాడా? నిన్న తను అడిగాక మార్చాడా, లేక అమెరికా ఊళ్ళన్నిటికీ ఇదే చివరి మాటా? అదే కుర్చీ, అదే ఏడుపు. అప్పుడు వద్దన్నది ఇప్పుడు పొమ్మంటోంది. అప్పుడు విని మానేసింది తప్పయితే, ఇప్పుడు విని వెళ్ళడం మాత్రం ఒప్పెట్లా అవుతుంది? కారులో తిరిగొస్తూ ఆమె ఆద్యతో వెనక సీట్లో కూచుంది. ముందు సీట్లో వీరాంజనేయులు, "చివర్లో పుస్తకం తడవలేదన్నది ఎక్కువైందంటావా?" అని పవన్‌ని అడుగుతున్నాడు. "లేదు సార్, సూపర్," అన్నాడు పవన్.

ఆదివారం పొద్దున, అంటే ఊళ్ళో చీకటి పడే వేళకి, నాన్నకి వీడియో కాల్ చేసింది. ముందు మనవరాలిని చూపించింది. బర్రె ఈనిందా, అమ్మ మోకాలు ఎట్లా ఉంది అని అడిగింది. చివరికి అడిగేసింది.

"నాన్నా, నేను కాలేజీ మానేసిన ఏడు వ్యాన్‌లో బొమ్మ వేశారు గుర్తుందా? వాగు పాలైన పిల్ల నాయన..."

"వీరాంజనేయులు గదా," అన్నాడు నాన్న.

మనీషా ఆద్యని పక్కన కూచోబెట్టింది. "నీకు తెలుసా ఆయన యాక్టరని?"

"ఎందుకు తెలీదమ్మా. నువ్వు పుట్టకముందు తిరునాళ్ళకి మనూళ్ళో రాజు వేషం కట్టాడు. మొహానికి గడ్డం పెట్టుకుంటే గొంతు మారుద్దా? తెర మీద కూచోగానే పట్టేశా."

"మరి నాకు చెప్పలేదే."

"నువ్వడగలేదుగా."

ఇన్నేళ్ళుగా ఆయన కూడా ఆ మాట నమ్మాడనుకుని క్షమించింది. మోసపోయింది తనొక్కతే. "యాక్టరని తెలిసీ నన్నెందుకు ఆపావు నాన్నా? బస్సు ఆగలేదు, వాగు లేదు. ఎందుకు ఆపావు?"

నాన్న తువ్వాలుతో మెడ తుడుచుకున్నాడు. చుట్టూ చూశాడు. అమ్మ వినకూడదనుకున్నాడో ఏమో, ఫోను మొహానికి మరీ దగ్గరగా పెట్టాడు. తెర మీద ఒక కన్ను, సగం ముక్కు మాత్రమే కనిపించాయి.

"వేషం ఆయనదేలేమ్మా. భయం నాది గదా."

"అంతేనా?"

"అంతే. అంతకు ముందు కూడా నువ్వు బస్సెక్కిన కాడి నుంచి దిగిందాకా నాకు కాళ్ళు ఆడేవి గావు. ఎవరికి చెప్పుకునేది, నవ్వరా? ఆయన నలుగురిలో అనేసరికి అదే సందనిపించింది. ఆ కాస్త వంక దొరికింది." ఆగాడు. "తప్పే. తప్పు గాదనను. కానీ మళ్ళా అట్టాంటి రోజొస్తే మళ్ళా అదే చేస్తానేమో, చెప్పలేను."

మనీషా కిటికీలోంచి చూసింది. జలుబు, దవడపళ్ళు. ఆ సందు ఎట్లా ఉంటుందో ఆమెకి బాగానే తెలుసు. అందుకే ఇక గట్టిగా ఏమీ అనలేకపోయింది.

"రేపు ఆద్యని బడిలో వెయ్యాలి నాన్నా. వెయ్యమంటావా?"

వద్దంటే బాగుండునని ఒక మనసు. పంపమంటే బాగుండునని ఒక మనసు. ఏదన్నా ఆ మాట ఆయన మీద తోసెయ్యొచ్చు.

"నీ ఇష్టమమ్మా," అన్నాడు నాన్న.

ఆ మాట ఆయన నోట ఇంతవరకు ఆమె వినలేదు. కావలసిన వయసులో రాని మాట, ఇప్పుడు, ఏ మాత్రం అక్కరలేని రోజున వచ్చి ఒళ్ళో పడింది. కాల్ పెట్టేశాక దాన్నేం చేసుకోవాలో తెలియక చాలాసేపు కూచుంది.

సాయంత్రం దివాకర్ వచ్చి వీరాంజనేయుల్ని డాలస్ వెళ్ళే ఫ్లైటు ఎక్కించాలి. ఈలోపు ఆయన వాకిట్లో కుర్చీ వేసుకుని, పార్కింగ్ లాట్ మీద పడే ఎండ చూస్తూ కూచున్నాడు. మనీషా సజ్జ రొట్టెలు పొట్లం కట్టి తెచ్చింది.

"డాలస్‌లో చివరి మాట ఏం వేస్తారు?" అంది. దెప్పుదామనే అంది.

"అక్కడి సభకి ఎవరొస్తారో చూసుకుని వేస్తా," అన్నాడాయన, దెప్పు తగలనే లేదు. "పెద్దవాళ్ళు ఎక్కువట. తల్లిదండ్రుల మీద వెయ్యాలి."

"ఆ అమ్మాయి పేరేంటి బాబాయిగారూ?"

ఆయన ఆలోచించాడు. కండువా కొస వేలికి చుట్టుకున్నాడు. మొదటిసారి ఆయన దగ్గర మాట తడుముకోవడం చూసింది ఆమె. "నా బిడ్డ అనే అన్నానమ్మా. పేరు అడగలేదు. అడగాల్సింది కదూ?" కాసేపాగి అన్నాడు. "ఒకటి మాత్రం చెప్తా. ఈ కండువా నాది కాదు. అంటే గుడ్డ నాదే, ఆ పెట్టుకోవడం నాది కాదు. ఆయన ఏడవలేదన్నానే, ఏడవమన్నప్పుడల్లా ఇట్లా మడతపెట్టి నోటికి అడ్డం పెట్టుకున్నాడు. డైరెక్టరేమో మొహం కనపడట్లేదు తియ్యమంటాడు. ఆయన తియ్యడు. అది చూసి తీసుకున్నా నేను. మాటలన్నీ మార్చాను గానీ దాన్ని ఎప్పుడూ మార్చలేదు. ఎందుకో మార్చబుద్ధి కాలేదు."

దివాకర్ కారు వచ్చింది. ఆద్య పరిగెత్తుకొచ్చి, "తాతా, బై," అని ఆయన మోకాళ్ళు పట్టుకుంది. ఆయన వంగి పిల్ల తల మీద చెయ్యి పెట్టాడు. మనీషా వంగి ఆయన కాళ్ళకి దణ్ణం పెట్టింది. పెట్టాలనుకోలేదు. నడుం దానంతటది వంగింది. పెద్దాయన కాబట్టి పెట్టానా, ఇంకెందుకైనా పెట్టానా అని కారు వెళ్ళిపోయాక కూడా ఆమెకి తేలలేదు.

సోమవారం పొద్దున డేకేర్ గుమ్మంలో ఆద్య అమ్మ మెడని రెండు చేతులా చుట్టేసింది. మిస్ కెల్సీ అనే టీచరు మోకాళ్ళ మీద కూచుని బొమ్మలు చూపించింది. పిల్ల చూడలేదు. "అమ్మా వద్దు, అమ్మా వద్దు," అని ఏడ్చింది. ఆ ఏడుపు మనీషా ఎముకల్లోకి దిగింది. ఇంకా సమయముంది, ఒళ్ళు వెచ్చగా ఉందని చెప్పి తీసుకెళ్ళిపోవచ్చు. నిజంగానే నుదురు కొంచెం వెచ్చగా అనిపించింది. చెంప ఆనించి చూసింది. ఏడుపు వేడా, జ్వరం వేడా?

అప్పుడు నాన్న కన్ను, సగం ముక్కు గుర్తొచ్చాయి.

"షీ లైక్స్ పప్పు," అంది మనీషా టీచరుతో. "బాక్స్‌లో ఉంది. బూ అంటే ఫుడ్." పిల్ల చేతులు ఒక్కొక్కటే విడిపించి ఇచ్చేసింది. తలుపు మూసుకుంది. అద్దంలోంచి వెనక్కి చూడకూడదని చెప్పారు. చూడలేదు. కారు దాకా ఏడుపు వినిపిస్తూనే ఉంది, కారు తలుపు వేసుకున్నాక కూడా వినిపించింది. అది లోపలి నుంచి వస్తోందో తన చెవుల్లోనే ఉందో తెలియలేదు.

అక్కడే కూచుండిపోయింది. క్లాసు కాలేజీలో, దారి తెలుసు. పవన్ పక్కన కూచుని ఆ దారిలో ఎన్నోసార్లు ఆమె చేత కారు నడిపించాడు. తాళం తిప్పడం ఒక్కటే మిగిలింది. చెయ్యి తిరగలేదు. అయిదు నిమిషాలు చూసి లోపలికి వెళ్ళి తెచ్చేసుకుందామా అనుకుంటుండగా, డేకేర్ యాప్‌లో ఫోటో వచ్చింది.

చిన్న టేబుల్ దగ్గర ఆద్య కూచుని ఉంది. మెడకి కట్టిన బిబ్ విప్పేసి, మడతలు సరిగ్గా కుదరకపోయినా మడిచి, నోటికి అడ్డం పెట్టుకుంది. ఎదురుగా ఒక రాగి జుట్టు పిల్లవాడు తన బిస్కెట్ తీసి ఆద్య మొహం ముందు పట్టుకుని ఉన్నాడు. కింద మిస్ కెల్సీ ఒక నవ్వు బొమ్మ పెట్టింది.

మనీషా ఫోటో పెద్దది చేసింది. బిబ్ పైన రెండు కళ్ళు, రెప్ప వెయ్యకుండా ఎదురుగా చూస్తున్నాయి, తడిగా. ఆ కళ్ళు ఏడుస్తున్నాయా, ఆడుతున్నాయా? తాత దగ్గర నేర్చిన ఆటా, ఆ తాత ఎవరి దగ్గరో నేర్చిందా, ఏ పేరూ తెలియని ఆ తండ్రి నోరు మూసుకుని దాచుకున్నదా? ఇంకా పెద్దది చేసింది. చుక్కలు చుక్కలుగా విడిపోయి, కళ్ళు కూడా కనిపించడం మానేశాయి.

ఫోను పక్క సీట్లో పెట్టింది. క్లాసుకి టైమవుతోంది. ఏదీ తేలలేదు. కళ్ళు తుడుచుకుని, అద్దం సరిచేసుకుని, తాళం తిప్పింది.